పర్లాకిమిడి పిల్లలకి ఖిత్రుక్ కార్టూన్లు చూపించడం ఎలా

వేసవి సెలవుల్లో పిల్లల్ని పోగేసి ఏదైనా మంచి కార్టూన్ చూపిద్దాం అనుకునేవాళ్ల కోసం ఇది రాస్తున్నాను, ముఖ్యంగా ఒడిశాలో పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, బరంపురం వైపు ఉన్న మనవాళ్ల కోసం. మన పిల్లల సంగతి మీకు తెలిసిందే. ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా, టీవీలో హిందీ. తెలుగు గలగలా మాట్లాడతారు గానీ తెలుగక్షరం కనబడితే మొహం తిప్పేసుకుంటారు. కాబట్టి తెలుగు సబ్‌టైటిళ్లు పెట్టినా లాభం లేదు. ఇంగ్లీషువి పెడితే అయిదో తరగతి లోపువాళ్లు ఒక లైను కూడబలుక్కునేలోపు సీను అయిపోతుంది.

ఈ చిక్కుకి నాకు దొరికిన మందు ఫ్యోదర్ ఖిత్రుక్, సోవియట్ కార్టూన్ దర్శకుడు. ఈయన సినిమాల్లో కొన్నిటికి మాటలే ఉండవు. మాటలున్నవాటిల్లో కూడా అసలు కథంతా నడకలో, ఆగడంలో, చూపులో ఉంటుంది. అందుకని తీసిన సంవత్సరాల వరసలో చూపించొద్దు. చిన్నపిల్లలకి ఒక వరస, పెద్దపిల్లలకి ఒక వరస పెట్టుకుని, రెండిట్లోనూ తేలిగ్గా అందేవి ముందు పెట్టండి.

ముందు ఈయనెవరో మీరు కొంచెం తెలుసుకుని ఉండాలి, పిల్లలు అడుగుతారు. 1917 మే 1న త్వేర్‌లో పుట్టాడు. చిన్నప్పుడు కొన్నేళ్లు కుటుంబంతో జర్మనీలో ఉన్నాడు, ఆ జర్మన్ భాష తర్వాత యుద్ధంలో పనికొచ్చింది. మాస్కోలో సయూజ్‌ముల్త్‌ఫిల్మ్ అనే కార్టూన్ స్టూడియో 1936లో మొదలైంది. ఈయన ఆ తర్వాత ఒకటి రెండేళ్లకే అందులో యానిమేటర్‌గా చేరాడు. యానిమేటర్ అంటే బొమ్మని కదిలించేవాడు, ఇంకా సూటిగా చెప్పాలంటే పెన్సిల్‌తో నటించేవాడు. యుద్ధానికి వెళ్లొచ్చాడు, మళ్లీ అదే బల్ల దగ్గర కూర్చున్నాడు. 1957లో వచ్చిన ‘మంచు రాణి’లో గొడుగు పట్టుకుని పిల్లలకి కలలు పంచే పొట్టి ముసలాయన ఓలె లుకోయె ఉంటాడు చూడండి, ఆ పాత్రని కదిలించింది ఈయనే. సొంతంగా మొదటి సినిమా తీసేసరికి 1962, అంటే వయసు 45. ఇరవై ఏళ్లకి పైగా వేరేవాళ్ల సినిమాల్లో బొమ్మలు నడిపించాక గానీ దర్శకుడి కుర్చీ దొరకలేదు, లేదా ఆయనే అడగలేదు. నాకైతే ఇదే ఆయన సినిమాల గుట్టు అనిపిస్తుంది. ఒక పాత్ర తల తిప్పితే ఎందుకు తిప్పిందో మనకి అర్థమైపోతుంది, ఎవరూ చెప్పక్కర్లేదు.

మన ఇళ్లలో పెద్దవాళ్లకి సోవియట్ అంటే అట్ట గట్టిగా ఉండే రష్యన్ పిల్లల పుస్తకాలు గుర్తొస్తాయి. అలాంటి పుస్తకాల్ని మాస్కోలో కూర్చుని తెలుగు చేసినవాళ్లలో ఉప్పల లక్ష్మణరావు గారు మన బరంపురంలో పుట్టినవారే. ఆ సంగతి ఎత్తండి, తాతయ్యలు కూడా వచ్చి కుర్చీలు వేసుకుంటారు, ప్రొజెక్టర్ డబ్బులు వాళ్లే ఇచ్చినా ఇస్తారు.

సామాన్లు, టైము

ప్రొజెక్టర్ దొరికితే సరే, లేకపోతే పెద్ద టీవీ చాలు. దుప్పటి కన్నా పంచె మేలు, ఒక్క ముడత లేకుండా లాగి కట్టొచ్చు. మేడ మీదైతే ఏడింటి తర్వాతే మొదలెట్టండి, ఏప్రిల్, మే నెలల్లో అంతకుముందు చీకటి పడదు, డాబా వేడి కూడా తగ్గదు. సయూజ్‌ముల్త్‌ఫిల్మ్ వాళ్లకి యూట్యూబులో సొంత చానల్ ఉంది, అక్కడ వెతకండి, కొన్నిటికి ఇంగ్లీషు సబ్‌టైటిళ్లు కూడా దొరుకుతాయి, మీరు అర్థం చేసుకోవడానికి పనికొస్తాయి. షో టైముకి నెట్ మీద ఆధారపడొద్దు, ముందే ఫోన్లో ఆఫ్‌లైన్ సేవ్ చేసుకోండి. కరెంటు పోతే ఇన్వర్టర్ ప్రొజెక్టర్‌ని లాగుతుందో లేదో కూడా ముందే చూసుకోవాలి. కరెంటు లేని ఆ అరగంటలో పిల్లలు చెల్లాచెదురైపోతారు, మళ్లీ పోగెయ్యడం మీ వల్ల కాదు.

ఒక్క సిట్టింగులో నలభై నిమిషాలు దాటించొద్దు. ఈయన సినిమాలు ఎక్కువగా పది నిమిషాలు, ఇరవై నిమిషాలవి, కాబట్టి రెండు పడతాయి. మధ్యలో మురీ మిక్చర్. అది సినిమా నడుస్తుండగా పంచారో ఇక ఎవ్వరూ తెర చూడరు.

చిన్నపిల్లలతో మొదలు

మొదటిరోజు ‘తొప్తీష్కా’, 1964. చలికాలంలో పడుకోవాల్సిన ఎలుగుపిల్ల ఒకటి నిద్రపోకుండా బయటికొచ్చి కుందేలుతో స్నేహం చేస్తుంది. అంతే కథ. బొమ్మలు పిల్లల పుస్తకంలో నీటిరంగుల బొమ్మల్లా మెత్తగా ఉంటాయి. ఇక్కడ ఒక్క విషయం మాత్రం ముందే చెప్పాలి, ఆ దేశం ఎలుగులు చలికాలమంతా గుహలో నిద్రపోతాయని. మన ఎలుగులకి ఆ అలవాటు లేదు. మహేంద్రగిరి కింద, ఉద్దానం వైపు ఎలుగంటే జీడి తోటల్లోకి, పనస చెట్ల మీదికి వచ్చేది, మనుషుల మీద పడేది. మీ పిల్లల్లో ఒకడైనా ‘మా తాతని తరిమింది’ అని మొదలెడతాడు. చెప్పనివ్వండి. ఆ భయం ఉన్న పిల్లలకి ఈ ఎలుగుపిల్ల ఇంకా నవ్వు తెప్పిస్తుంది.

రెండోది ‘బొనిఫాత్సీ సెలవులు’, 1965. సర్కస్ సింహానికి పిల్లలకి సెలవులుంటాయని తెలిసి, నాకూ సెలవు కావాలని అడుగుతుంది. ఆఫ్రికాలో ఉన్న నాయనమ్మ దగ్గరికి బయల్దేరుతుంది. చేపలు పడదాం, అరటిపళ్లు తిందాం అనుకుంటుంది. తీరా వెళ్లాక అక్కడి పిల్లలు సర్కసెప్పుడూ చూడలేదని తెలిసి సెలవులన్నీ వాళ్లకి ఆటలు ఆడి చూపించడంతోనే సరిపోతాయి. సెలవులకి అమ్మమ్మగారి ఊరెళ్లి, అక్కడి చిన్నపిల్లలకి కాపలా పనితోనే సరిపెట్టుకునే ప్రతి పెద్దపిల్లకీ ఈ సింహం బాధ ఇట్టే అర్థమవుతుంది. ఇందులో ఆఫ్రికా పిల్లల్ని గీసిన తీరు మాత్రం ఆ కాలంది, ఇప్పుడైతే అలా గియ్యరు, గియ్యకూడదు కూడా. కొంచెం పెద్దపిల్లలుంటే ఆ మాట అక్కడే చెప్పెయ్యండి, దాటెయ్యొద్దు.

దీన్ని రెండుసార్లు వెయ్యండి. మొదటిసారి మామూలుగా, రెండోసారి సౌండు తీసేసి ఒక నాలుగు నిమిషాలు. సౌండు లేకుండా కూడా సింహం మనసులో ఏముందో పిల్లలు చెప్పేస్తారు. అప్పుడు సౌండు పెట్టి అదే ముక్క మళ్లీ చూపిస్తే సంగీతం ఏం పని చేస్తోందో వాళ్లకే వినబడుతుంది. ఆ సంగీతం వైన్‌బెర్గ్ అనే ఆయనది, సింఫనీలు రాసిన పెద్ద సంగీతకారుడు, పిల్లల కార్టూన్ కదా అని చేతులు దులుపుకున్నట్టు ఎక్కడా ఉండదు.

పక్కన కూర్చుని చెప్పేవాళ్లు

రష్యన్ మాటలొచ్చే చోట ఒకరు తెలుగులో చెప్పాలి. దానికి ఒక్క మనిషినే పెట్టండి. ఇద్దరైతే ఒకరి మీద ఒకరు పోటీ పడి సినిమా మింగేస్తారు. ఆ మనిషి సినిమా ముందుగా మూడుసార్లయినా చూసి, పది నిమిషాల సినిమాకి పది పన్నెండు వాక్యాలు మాత్రం రాసుకోవాలి. తెరమీద కనబడేదాన్ని చెప్పకూడదు. ‘ఇప్పుడు ఎలుగు చెట్టెక్కుతోంది’ అనడం ఎందుకు, కళ్లున్నాయి కదా. కనబడనిది మాత్రమే చెప్పాలి: ఫలానావాడు ఇలా అడిగాడు, వీడు ఇలా అన్నాడు. పాట వస్తే నోరు మూసుకోవాలి.

మన యాసలోనే చెప్పండి. ‘ఏటి, ఎక్కడికెల్తన్నావు?’ అని సినిమాలో ఎలుగు అడిగిందంటే పిల్లలు పడీపడీ నవ్వుతారు. వాడుక భాష కోసం జీవితమంతా పోరాడిన గిడుగు రామ్మూర్తి గారు 1880లో టీచరుగా చేరింది ఈ పర్లాకిమిడి బడిలోనే, ఈ ఊళ్లో నిలబడి ‘భల్లూకము పలికెను’ అంటే ఆయన ఊరుకోరు. మధ్యలో ఒడియా మాట దొర్లితే దొర్లనివ్వండి, ఇంట్లో మనం మాట్లాడేదీ అలాగే కదా.

విన్నీ పూ దగ్గర ఆగండి

విన్నీ పూ అనే ఎలుగు మీద ఈయన తీసినవి మూడు భాగాలు, 1969, 1971, 1972. తొందరపడొద్దు, మూడింటికి మూడు రోజులు ఇవ్వండి. ఈయన పేరు రష్యాలో ప్రతి ఇంట్లో నిలబడిపోయింది వీటివల్లే. ఇంగ్లీషు కథే, కానీ ఇందులో క్రిస్టఫర్ రాబిన్ అనే అబ్బాయి ఉండడు. పెద్దమనిషి పర్యవేక్షణ లాంటిదేమీ లేకుండా జంతువులే వాటి బతుకు అవి బతుకుతాయి. మీ పిల్లలు డిస్నీది చూసి ఉంటే ‘పసుప్పచ్చగా లేడేటి మావయ్యా?’ అని అడుగుతారు. ఇతను గోధుమరంగువాడు, కళ్ల చుట్టూ నల్లటి మచ్చలు, పొట్టిగా గుమ్మటంలా ఉంటాడు. వెనకాల అడవి మొత్తం పిల్లలు రంగు పెన్సిళ్లతో గీసినట్టుంటుంది. రూపాలు గీసింది వ్లదీమిర్ జూయికోవ్, ఎదువార్ద్ నజారొవ్.

ఇక్కడ సినిమా ఆపి నడక చూడమనండి. మనం నడిచేటప్పుడు కుడికాలుతో ఎడమచెయ్యి ముందుకొస్తుంది. ఈ పూకి ఏ వైపు కాలు లేస్తే ఆ వైపు చెయ్యే లేస్తుంది. పిల్లల్ని లేపి అలా నడవమని చెప్పండి. మొదట ఎవ్వరికీ రాదు, నాలుగడుగులు వేసేసరికి చేతులు వాటంతట అవే మామూలుగా అయిపోతాయి, పక్కవాడు పట్టేస్తాడు, గొడవ. వచ్చినవాడు మాత్రం ఒక్కసారిగా మొండిగా, తన లోకంలో తాను ఉన్న మనిషిలా కనబడతాడు. ఒక పాత్ర స్వభావం నడకలో ఎలా దాక్కుంటుందో ఇంతకన్నా బాగా చెప్పే ఉపాయం నాకు తెలీదు.

రెండో ఆట గొంతుది. పూకి గొంతిచ్చింది యెవ్గేనీ లియోనొవ్ అనే పెద్ద నటుడు. ఆయన మామూలు గొంతు పాత్రకి బరువైపోయిందని రికార్డు చేసిన టేపుని వేగం పెంచి వాడారు. ఫోన్లో పిల్లల చేత ఒక వాక్యం చెప్పించి రికార్డు చెయ్యండి, ఎడిటింగ్ యాప్‌లో వేగం 1.3 చెయ్యండి. యాప్‌లో శృతి మారకుండా ఉంచే ఆప్షన్ ఉంటుంది, అది తీసెయ్యాలి, లేకపోతే వేగం మాత్రమే పెరిగి గొంతు అలాగే ఉంటుంది. పాత టేపులో వేగం పెరిగితే శృతి కూడా పెరిగేది, కిటుకంతా అందులోనే ఉంది. లావు గొంతున్న పెద్దవాళ్ల చేత చెప్పిస్తే ఇంకా బాగా వస్తుంది. మా వీధిలో కిరాణాకొట్టు ఆయన చేత ‘తేనె ఉందా?’ అనిపించాం, ఇప్పుడు ఆయన్ని ఆ వీధి మొత్తం అదే గొంతుతో పిలుస్తోంది.

మొదటి భాగంలో పూ బెలూన్ పట్టుకుని నల్లమబ్బులా నటిస్తూ తేనెపట్టు దాకా పైకి వెళ్తాడు, కింద పందిపిల్ల గొడుగేసుకుని, వాన వచ్చేలా ఉందే అంటూ అటూ ఇటూ తిరుగుతుంది, తేనెటీగల్ని నమ్మించడానికి. రెండో భాగంలో కుందేలింట్లో ఉన్నదంతా తినేసి గుమ్మంలో ఇరుక్కుంటాడు. మూడోదాంట్లో గాడిద పుట్టినరోజు, పోయిన తోక. ఇది కొంచెం దిగులుగా ఉంటుంది, మాటలూ ఎక్కువే, నాలుగేళ్లవాళ్లు మధ్యలో లేచిపోయినా పట్టించుకోకండి.

పన్నెండు దాటినవాళ్లకి

వీళ్లకి వేరే రోజు పెట్టుకోండి, చిన్నవాళ్లతో కలిపితే ఇద్దరూ చెడతారు. మొదట ‘దీవి’, 1973. మాటలు అక్కర్లేని సినిమా. ఒక్క చెట్టున్న చిన్న దీవిమీద ఒంటరి మనిషి. ఓడలు వస్తుంటాయి, పోతుంటాయి, ప్రతివాళ్లకీ ఆ దీవితో ఏదో పని ఉంటుంది, ఆ మనిషితో మాత్రం ఎవరికీ పని ఉండదు. 1974లో కాన్ (కేన్స్) చిత్రోత్సవంలో పొట్టి సినిమాల పెద్ద బహుమతి దీనికే వచ్చింది. రాయగడ, కొరాపుట్ వైపు పిల్లలైతే, కొండల్లోకి లారీలు వచ్చిపోవడం రోజూ చూసేవాళ్లు కాబట్టి, దీని మీద మీరు ఏమీ వివరించక్కర్లేదు.

తర్వాత 1968 నాటి ‘సినిమా, సినిమా, సినిమా’. సినిమా తియ్యడం మీదే సినిమా. రచయిత కాగితాలు చించుకోవడం, రాసిన స్క్రిప్టు ఆఫీసుల చుట్టూ తిరిగి తిరిగి మారిపోవడం, షూటింగులో తిప్పలు, దర్శకుడి టెన్షన్. దర్శకుడంటే ఏం చేస్తాడు అని అడిగే పిల్లలకి ఇది చూపించి ఊరుకోండి.

ఆయన మొదటి సినిమా ‘ఒక నేరం కథ’ని, 1962ది, నేను పిల్లలకి చూపించను. మొదట్లోనే పెనంతో కొట్టడం ఉంది. తర్వాత కథ వెనక్కి వెళ్లి, మెత్తటి గుమాస్తా ఒకాయన ఆ పని దాకా ఎలా వచ్చాడో చెబుతుంది: రాత్రంతా పక్కింటి పాటలు, గోడవతల టీవీ, నిద్రన్నది లేదు. అప్పటిదాకా సోవియట్ కార్టూన్లంటే గుండ్రటి బొమ్మలు, మనుషుల్ని ముందు ఫిల్ము తీసి దానిమీద గీసుకున్నట్టుండే కదలికలు. ఈయన గీతల్ని పలచన చేసి, కోణాలు పెట్టి, ఇప్పటి అపార్ట్‌మెంట్ కథ చెప్పాడు. ఆ స్టూడియోలో కొత్త దారి ఇక్కడే మొదలైందని చెబుతారు. దీన్ని పెద్దవాళ్లకి వెయ్యండి, అందులోనూ వినాయక చవితి ముందు పందిరి కమిటీవాళ్లకి. మైకుసెట్ సౌండు తగ్గిస్తారని హామీ ఇవ్వలేను.

ఆఖరికి ‘సింహమూ ఎద్దూ’, 1983. మాటలుండవు. ఒకదానికొకటి భయపడే రెండు పెద్ద జంతువులు, మధ్యలో పుల్లలు పెట్టే మూడోది. చిన్నయసూరి మిత్రభేదం చదువుకున్న అమ్మమ్మ, తాతయ్య ఎవరైనా ఇంట్లో ఉంటే పక్కన కూర్చోబెట్టండి. ఇది అక్కణ్నుంచి తీశారని నేననడం లేదు. కానీ సింహం, ఎద్దు, చాడీలు చెప్పే జంతువు కనబడగానే పింగళకుడు, సంజీవకుడు, దమనకుడు అని పేర్లు పెట్టేస్తారు, సినిమా అయ్యాక వాళ్ల కథ వాళ్లు చెబుతారు. ఆ రోజు మీరు వ్యాఖ్యానానికి సెలవు తీసుకోవచ్చు.

పిల్లల చేత చేయించడం

చూడ్డం అయ్యాక చేతులు దురద పెడతాయి, అప్పుడే ఇది మొదలెట్టాలి. అప్పటి సినిమాలకి గీతని పారదర్శకమైన షీటు మీదికి ఎత్తి, వెనకవైపు రంగు నింపి, కింద ఒకే బ్యాక్‌గ్రౌండ్ పెట్టి ఫొటో తీసేవారు. మనకి జెరాక్స్ షాపులో ఓహెచ్‌పీ షీట్లు, సీడీ మార్కర్ దొరుకుతాయి. పోస్టర్ కలర్ షీటు మీద నిలవదు, బొట్లు బొట్లుగా జారిపోతుంది. అక్రిలిక్ రంగు తీసుకోండి, గీత ఉన్న వైపు కాకుండా వెనకవైపు వెయ్యండి, అప్పుడు గీత చెరగదు.

అన్నిటికన్నా ముఖ్యమైంది షీట్లు కదలకుండా ఉండటం. పంచింగ్ మెషీన్‌తో ప్రతి కాగితానికీ, షీటుకీ ఒకే చోట రెండు కన్నాలు కొట్టండి. చెక్కపలక మీద ఆ దూరంలోనే రెండు మేకులు దిగ్గొట్టి తలలు కోసేసి అరగదియ్యండి. ప్రతి షీటూ ఆ మేకులకే తగిలించాలి. ఇది లేకుండా చేస్తే ఎలుగు నడవదు, వణుకుతుంది. స్టూడియోల్లో కూడా పద్ధతి ఇదే, వాళ్ల మేకులు కాస్త ఖరీదైనవి.

లెక్క ఇదీ. సినిమా సెకనుకి 24 ఫ్రేములు (ఫ్రేము అంటే కదలని ఒక్క ఫొటో), అంటే పది నిమిషాలకి 14,400. ఒక్కో బొమ్మని రెండు ఫ్రేములు పట్టి ఉంచితే సెకనుకి 12 బొమ్మలు చాలు. పిల్లలకి ఒక్క నడక ఇవ్వండి: పన్నెండు బొమ్మలు, కుడి అడుగు ఒకటి, ఎడమ అడుగు ఒకటి, మళ్లీ మొదటి బొమ్మకి వచ్చేలా. అవే పన్నెండూ తిప్పితిప్పి వాడితే నడక ఎంతసేపైనా సాగుతుంది. ముందు 1, 7 బొమ్మలు గీయించండి, అవి కాళ్లు బాగా చాచిన చోట్లు. తర్వాత 4, 10, కాళ్లు దగ్గరికి వచ్చినవి. మిగతావి మధ్యలో నింపడమే. ఒకటి నుంచి వరసగా గీసుకుంటూ పోయినవాడి ఎలుగు పన్నెండో బొమ్మకి ఏనుగంత అవుతుంది.

ఫోన్‌ని పైనుంచి కిందికి చూసేలా పెట్టాలి. స్టాండు లేకపోతే రెండు వైపులా పుస్తకాల దొంతులు, వాటిమీద గాజు పలక, గాజు మీద ఫోను. ట్యూబులైటు కింద తీస్తే వెలుతురు ఫొటోకొక రకంగా పడొచ్చు, దానికి బదులు రెండు ఎల్ఈడీ బల్బులు చెరో పక్క పెట్టి కిటికీ మూసెయ్యండి. ఫోన్లో ఫోకసు, వెలుతురు రెండూ లాక్ చెయ్యండి. స్టాప్ మోషన్ స్టూడియో లాంటి యాప్‌లో సెకనుకి 12 పెట్టుకుంటే బొమ్మకి ఒక్క క్లిక్కు చాలు.

షీట్లు ఖరీదే, పారెయ్యకండి. రంగుని గోరువెచ్చటి నీళ్లలో నానబెట్టి గోకితే వచ్చేస్తుంది, మార్కర్ గీతకి శానిటైజర్ రాసిన గుడ్డ చాలు. అప్పటి స్టూడియోల్లో కూడా షీట్లు కడిగి మళ్లీ వాడేవారు. కడిగే ముందు మాత్రం ఫొటోలు ఇంకో ఫోన్లోకి పంపి ఉంచండి, పిల్లల ఫోన్లో స్టోరేజీ నిండగానే వాళ్ల నాన్న మొదట తుడిచేసేది ఇవే.